చచ్చినవాళ్ళ పేరున రాసిన బళ్ళు

ఆ వ్యాన్ల స్టాండులో ఒక అలవాటుంది. బండి కాగితాల్లో, సొంతదారుడు పోతే బండి ఎవరికి చెందాలో రాసే చోట బతికున్న మనిషి పేరు ఎవరూ రాయరు. రాస్తే ఏడాది తిరక్కుండా రాసినవాడు పోతాడని నమ్మకం. అందుకని చచ్చిపోయినవాళ్ళ పేర్లు రాస్తారు. బతికుండగా ఎవరికీ అపకారం చెయ్యని మనిషైతే చాలు. అలా సగం స్టాండుకి నామినీ ఒక్కడే, విప్లవం వాళ్ళ పెదనాన్న. స్టాండుకి పనిచ్చే సరుకుల యార్డు కోసం రాత్రీ పగలూ బండి తోలి తోలి, స్టీరింగు మీదే కన్ను మూసినవాడు.

విప్లవం అంటే ఆ అమ్మాయికి డ్రైవర్లు పెట్టిన ముద్దుపేరు. లా చదువుతోంది. నోరు తెరిస్తే నినాదమే.

"ఏమ్మా విప్లవం, ఇవాళ ఎవర్ని కూలదోస్తున్నావ్?" అన్నాడు టైరు విప్పుతున్న పొడుగు డ్రైవరు.

"మీ భయాన్ని, బాబాయ్."

"ముందు టీ తాగవే తల్లీ. ఖాళీ కడుపుతో ఏం కూలదోస్తావ్?"

అందరూ నవ్వారు. ఆమె నవ్వలేదు. గుండు అని పిలిచే డ్రైవరు ఈ మధ్యే గుండె ఆగి పోయాడు. అతని భార్య పిల్లని చంకనేసుకుని యార్డు గేటు ముందు పొద్దు గూకేదాకా నిలబడింది. స్టాండులో బళ్ళన్నీ యార్డు పూచీ మీద కొన్నవి. సొంతదారుడు పోయి, నామినీ కూడా బతికి లేకపోతే బండి యార్డుకే. అదీ ఒప్పందం. "నీ మొగుడు రాసినాయన్ని తీసుకురామ్మా, తాళాలు చేతిలో పెడతా" అన్నాడు యార్డు యజమాని, పళ్ళు కుట్టుకుంటూ.

ఆ మాట విన్నప్పటి నుంచీ విప్లవానికి తిండి సయించడం లేదు. భయం తనంతట తాను మొలవదు, ఎవడో విత్తుతాడు, వాడే కోసుకుంటాడు. ఈ నమ్మకం మొదట ఎవరి నోట్లోంచి వచ్చిందని స్టాండంతా తిరిగి అడిగింది. "ఎవరో అన్నారమ్మా" అన్నారే గానీ ఆ ఎవరో ఎవరన్నది ఒక్కరూ చెప్పలేకపోయారు.

నాన్నదీ ఆ స్టాండు బండే, నామినీ పెదనాన్నే. నాన్నకి నాలుగు మెట్లెక్కితే చెయ్యి గుండె మీదికి పోతోంది. రేపేదైనా అయితే బండి పోతుంది. బండి పోతే తనూ అమ్మా రోడ్డు మీద పడతారు. అందుకే ఆ మధ్యాహ్నం నాన్నని రెక్క పుచ్చుకుని రవాణా ఆఫీసుకి లాక్కెళ్ళింది.

కిటికీ వెనక ఉద్యోగిని కాగితాలు తిరగేసింది. "పాత నామినీ ఎప్పుడు పోయారు?"

"రాసేనాటికే పోయాడండి" అన్నాడు నాన్న.

ఉద్యోగిని కళ్ళద్దాలు తీసింది. "బతికున్నవాళ్ళకి అంత కరువొచ్చిందా మీకు?"

నాన్న కలం అందుకున్నాడు. అన్న పేరు కొట్టేసి సంతకం పెట్టాడు. కింద తన పేరు రాస్తూ విప్లవం కలాన్ని ఎంత కసిగా నొక్కిందంటే, అక్షరాలు కాగితం వెనక్కి పొడుచుకొచ్చాయి.

బయటికొచ్చేసరికి వాన పట్టింది. నాన్న తన పక్క సీట్లో ఎన్నడూ ఎవర్నీ కూర్చోనిచ్చేవాడు కాదు. ఇంటిల్లిపాదీ వెనక గదిలో, సరుకు మధ్య సర్దుకోవాల్సిందే. ఆమె ముందు తలుపు తెరిచింది.

"వెనక ఎక్కవే."

"ఏం? ఇదెవరి జాగీరు?"

"నీకు తెలీదు."

"మనకి తెలీకపోవడమే వాళ్ళ పెట్టుబడి నాన్నా. పోనియ్."

ధబీమని కూర్చుంది.

సీటు వెచ్చగా ఉంది.

వాన బండి కప్పు మీద గులకరాళ్ళు పోసినట్టు కురుస్తోంది. అద్దం తుడిచే పుల్ల కీచుకీచుమంటూ అటూ ఇటూ పోతోంది. వీధి దీపాలు ఒక్కొక్కటే వెలుగుతూ, వెనక్కి పోయి ఆరిపోతున్నట్టున్నాయి. బండిలో డీజిలు వాసన, తడిసిన గోనె వాసన. వాటి అడుగున ఇంకేదో వాసన... చాలా కాలం మూసి ఉంచిన పెట్టె తెరిచినట్టు.

బెల్టు దానంతట అది బిగిసింది. రొమ్ము మీద ఒక చెయ్యి ఆనించి వెనక్కి నెట్టినట్టు.

"నాన్నా..."

నాన్న ఆమె వైపు చూడలేదు. ఆమె చెవి పక్క ఖాళీలోకి చూస్తున్నాడు. పెదాలు మాత్రం కదిలాయి.

"అన్నయ్యా, చిన్నపిల్ల. వదిలెయ్."

జవాబు ఆమె వీపు వెనక నుంచి వచ్చింది. సీటులోంచి. నిద్ర లేక పిడచగట్టుకుపోయిన గొంతు.

"నా పేరెందుకు కొట్టేశావురా?"

వాన చప్పుడు. ఊపిరి చప్పుడు... మూడో ఊపిరి.

"నా పేరున రాసిన బళ్ళన్నీ ఏవిరా?"

బండి ఇంటి మలుపు దాటేసింది. నాన్న కాలు బ్రేకు మీదే ఉంది. అయినా ఆగలేదు. స్టీరింగు నాన్న చేతుల్ని ఈడ్చుకుంటూ తిరిగింది. యార్డు వైపు.

గేటు తెరిచే ఉంది. లోపల, పోయిన డ్రైవర్ల బళ్ళు వరసగా తడుస్తున్నాయి. దీపాల వెలుగు వాటి మీద పడింది. ప్రతి బండిలోనూ పక్క సీటు బెల్టు పెట్టి ఉంది. లోపల మనిషి లేడు. ఉన్నట్టు మాత్రం బెల్టు ఉబ్బి ఉంది.

యజమాని గొడుగేసుకుని వచ్చాడు. "ఏమ్మా విప్లవం, మీ నాన్న ఉండగానే అప్పజెప్పేస్తున్నావా? మంచిపిల్లవి!"

ఆమెకి భయం ఎటు పోయిందో తెలీదు.

"నామినీని మార్చాం. బతికున్న మనిషి పేరు. నా పేరు! ఇది నీ చేతికి రాదు. గుండు బాబాయ్ బండి కూడా కక్కిస్తా. నడిపేవాడిదే బండి!"

అతను నవ్వుతూ కిటికీలోకి వంగాడు. నవ్వు అలాగే ఉండిపోయింది. కళ్ళు మాత్రం మారాయి. ఆమె భుజం వెనక్కి చూస్తున్నాడు.

"నేను..." ఒకడుగు వెనక్కి వేశాడు. "నేను ఊరికే అన్నానండీ, బతికున్నవాళ్ళ పేరు రాస్తే పోతారని. టీ తాగుతూ... నలుగురిలో సరదాకి. వాళ్ళు నమ్ముతారనుకోలేదండీ."

ఎవరో అన్నారమ్మా. ఆ ఎవరో వీడే.

"విన్నావా పెదనాన్నా?" అంది విప్లవం.

తన గొంతు తనకే కొత్తగా వినిపించింది.

టక్... ఆమె బెల్టు ఊడింది. అవతలి బండిలో టక్... దాని పక్క బండిలో టక్... వరస చివరిదాకా. తలుపులు తెరుచుకున్నాయి. నీటి గుంటల్లో అడుగులు పడుతున్నాయి. అడుగులు మాత్రమే.

యజమాని గొడుగు వదిలేసి తన కారు వైపు పరిగెత్తాడు. స్టీరింగు ముందు కూర్చుని తలుపు వేసుకున్నాడు. మిగతా మూడు తలుపులూ తెరుచుకుని, నింపాదిగా మూసుకున్నాయి. కారు బరువుకి కిందికి కుంగింది. కదిలింది. యార్డు చుట్టూ ఒక చుట్టు... మళ్ళీ ఒకటి... ఆగడం లేదు. అద్దం వెనక అతని నోరు తెరుచుకుంటోంది, మూసుకుంటోంది. ఒక్క పిలుపూ బయటికి రావడం లేదు.

"ఆపుదామే" అన్నాడు నాన్న.

"పెదనాన్న ఎక్కిన బండిని ఎవడాపాడు?" అంది ఆమె.

ఇప్పుడు స్టీరింగు నాన్న మాట వింది. రోడ్డెక్కారు. ఆమె కింద సీటు చల్లబడిపోయింది. వాన తెరిపిచ్చింది. నాన్న చెయ్యి గుండె మీద లేదు. చాన్నాళ్ళ తర్వాత ఊపిరి పూర్తిగా పీల్చినట్టు పీల్చాడు.

"దిగిపోయాడు కదూ?"

"దిగిపోయాడు నాన్నా. ఇక ఇది మనది."

అప్పుడు వెనక సరుకు గదిలోంచి, మధ్య రేకు మీద ఎవరో మెల్లగా తట్టారు.

ఆడగొంతు. స్టాండులో ఇవాళ్టిదాకా ఏ బండి కాగితాల్లోనూ ఏ ఆడమనిషి పేరూ లేదు.

"అమ్మాయ్... మా పేర్లు ఏ కాగితంలోనూ ఎవరూ రాయకుండానే పోయాం. ఇక నుంచి నువ్వేగా మాకు చెప్పాల్సింది? మమ్మల్ని ఎక్కడ దింపుతావ్?"