ఎవరిదీ కాని పేరు

ఇత్తో చేతిలో ఒక్కసారైనా శవం కాని మగాడు వర్జాజాత్ ఊళ్లో ఆమె ఉండే వీధిలో దొరకడం కష్టం. ఊరి బయట మట్టికోటల్లో సినిమాలు తీయడానికి ఏ దేశం వాళ్లొచ్చినా, మమ్మీ కావాలంటే ఆమెకే కబురు పెడతారు. పాత దుప్పట్లు పీలికలుగా చించి, టీ డికాక్షన్‌లో నానబెట్టి, ఎండలో ఆరేసి, మనిషిని కాలివేళ్ల నుంచి నడినెత్తి దాకా చుట్టేస్తుంది. భోజనం వేళ ఆ చుట్టల్తోనే ఎవడైనా సైకిలెక్కి ఇంటికి పోతున్నా వీధికుక్కలు తల కూడా ఎత్తవు.

ఈసారి సినిమా హెర్నఫ్ అనే ఈజిప్టు రాజు మీద. అలాంటి రాజు ఎన్నడూ లేడు. పలికితే బరువుగా ఉండాలని కథ రాసినాయన పుట్టించిన పేరది. గుట్టని తొలిచి కట్టిన ఉత్తుత్తి సమాధి ముందు ఊరి జనాన్నంతా నిలబెట్టి, రోజుల తరబడి "లే, హెర్నఫ్... లే" అని అరిపించారు. పిల్లలు ఇళ్లకొచ్చి కూడా అదే పాట. ఇత్తోకి అది రుచించలేదు. ఖాళీ ఇంట్లో పేరు పెట్టి పిలవకూడదని వాళ్లమ్మ గట్టిగా చెప్పేది. లోపల ఎవరూ లేరని తెలిసీ పిలిస్తే, పలకడానికి ఎవరో ఒకరు వస్తారట.

షూటింగ్ అయిపోయి యూనిట్ వెళ్లిపోయింది. సినిమాకి ప్రచారం చూసే కాసాబ్లాంకా కుర్రాడు జవాద్ మాత్రం మిగిలాడు. అతను ఇత్తో ఇంటికొచ్చి, తలుపు దగ్గరకి వేసి మరీ సంగతి చెప్పాడు. సెట్ కోసం గుట్ట తవ్వుతుంటే నిజమైన సమాధి, నిజమైన శవం బయటపడ్డాయని పుకారు పుట్టించాలి. ఒక విలేకరి కెమెరా పట్టుకుని వస్తాడు. శవపెట్టె మూత తీసి, మసకవెలుతురులో ఒక్క క్షణం చూపించి మూసేస్తే చాలు.

"మా గుట్టల్లో ఈజిప్టు రాజు ఎలా తేలాడు జవాద్ బాబూ? బస్సెక్కి వచ్చాడా?" అంది ఇత్తో.

"చూసేవాళ్లకి ఏం తెలుస్తుంది ఇత్తోగారూ. ఇసక ఎక్కడైనా ఇసకే. సినిమాల్లో శాపం అంటే నమ్ముతారు, సమాధి తలుపు మీద ఆ శాపం రాసి ఉంటుందంటే నమ్ముతారు. ఇదీ నమ్ముతారు."

శవం వేషానికి ఇత్తో తన చెల్లెలు తూదా మొగుడు ఇదీర్‌ని మాట్లాడింది. తూదాకి నెల కిందటే ఆడపిల్ల పుట్టింది. ఇంట్లో చేతికి ఎంతొచ్చినా పనికొస్తుంది.

అనుకున్న రోజు మధ్యాహ్నానికి ఎడారి వైపు నుంచి షెర్గీ గాలి లేచింది. ముందు ఆకాశం పసుపుపచ్చగా మారింది. తరవాత గుట్టలు కనపడకుండా పోయాయి. ఇదీర్ సెట్లోకి వచ్చేసరికి పిండిమరలోంచి బయటపడ్డవాడిలా ఉన్నాడు. కనుబొమ్మలు, మీసం, అన్నీ దుమ్మే. గొంతు పట్టేసి, గుసగుసగా తప్ప మాట రావట్లేదు. మధ్యమధ్యలో దగ్గు.

సమాధి లోపల తడి ప్లాస్టర్ వాసన, జిగురు వాసన. బయట జనరేటర్ గుర్రుమంటోంది. బల్బు వెలుగుతూ, నీరసపడుతూ ఉంది. ఇత్తో కాళ్ల దగ్గర మొదలుపెట్టింది.

"ముక్కు దగ్గర కాస్త వదులుగా వదినా," అన్నాడతను. "పోయినసారి నిజంగానే పోయేవాణ్ణి."

"పోయుంటే మా చెల్లికి ఇంకో సంబంధం చూసేదాన్ని. కదలకు."

మెడ దాకా వచ్చేసరికి అతను పెట్టె మూత మీద బొమ్మల రాతలో ఉన్న పేరు వైపు చూశాడు. "ఆ పేరు ఎవరిది వదినా?"

"ఎవరిదీ కాదు."

"అంతమంది పిలిచారుగా."

"అయితే పలికినవాడిది," అంది నవ్వుతూ. అన్నాక ఎందుకో ఆమె చెయ్యి ఒక్క క్షణం ఆగింది. తరవాత ముఖం చుట్టడం మొదలుపెట్టింది.

పెట్టెలో పడుకోబెట్టి మూత వేశారు. చెక్క మీద మట్టి పూసిన మూత. తేలికే. బాగున్నావా అంటే లోపలి నుంచి ఒకసారి కొట్టాలని చెప్పుకున్నారు. ఇత్తో అడిగింది. టక్... అని వినిపించింది.

విలేకరి రాలేదు. గాలికి దారి మూసేశారని జవాద్‌కి ఫోనొచ్చింది. ఆ మాట పూర్తయ్యేలోపే సిగ్నల్ పోయింది. ఇంకాసేపటికి జనరేటర్ దగ్గి, ఆగిపోయింది.

పట్టపగలు చీకటి పడింది.

జనరేటర్ చూసొస్తానని జవాద్ బయటికి వెళ్లాడు. ఇత్తో ద్వారం దగ్గరే కూర్చుంది. వెనకవైపు, సెట్ గోడ లేనిచోట వేలాడదీసిన గోనెపట్టా తెర గాలికి కొట్టుకుంటోంది. ఇసక ప్లాస్టర్ మీద గీరుతోంది. సన్నగా... గోళ్లతో గీరినట్టు. ఆ గాలిలో ఎక్కడో దూరంగా జనం కూడి ఏదో అంటున్నట్టు అనిపించింది. చెవులు గట్టిగా మూసుకుంది. తీసింది. గాలే.

"ఇదీర్, బాగున్నావా?"

టక్.

"కాసేపు ఓర్చుకో. కరెంటు రాగానే విప్పేస్తాను."

టక్. ఆ మాటకి జవాబు ఆమె అడగలేదు.

అప్పుడు ద్వారంలోకి ఎవరో వచ్చి నిలబడ్డారు. జవాద్ అనుకుంది. పొడుగు చూస్తే కాదు. కళ్లు తప్ప ముఖమంతా నీలం తలగుడ్డ చుట్టుకున్నాడు. దగ్గాడు.

"కోప్పడకు వదినా. దారిలో బండి ఆగిపోయింది. నడిచొచ్చాను. విలేకరి వెళ్లిపోయాడా?"

ఇదీర్ గొంతు. ఇదీర్ దగ్గు.

ఇత్తో దిగ్గున లేచింది. తన చేతులు చూసుకుంది. వేళ్లకి ఇంకా టీ మరక. ఇందాక తను ఎవరి మెడ చుట్టూ గుడ్డ తిప్పింది? ఆ దుమ్ము కింద ముఖం తను సరిగ్గా చూసిందా... ఆ గుసగుస ఎవరిదైనా కావచ్చు. పేరు ఎవరిదని అడిగాడు. తను నవ్వుతూ...

"ఏమైంది వదినా?" అన్నాడు వచ్చినవాడు.

ఆమె వేలు పెదవుల మీద పెట్టుకుంది. పెట్టె వైపు తిరిగింది. మెల్లగా పిలిచింది.

"లోపల... ఎవరు?"

గాలి ఒక్కసారి ఆగింది.

టక్.

జవాద్ లోపలికి రాగానే ఆమె అతని చొక్కా పట్టుకుంది. రెండు వైపులా చూపించింది. ద్వారంలో ఇదీర్. ఎదురుగా మూసిన పెట్టె. జవాద్ నవ్వబోయాడు, ఆమె ముఖం చూసి మానేశాడు. ఫోన్ లైటు వేసి, రెండో చేత్తో మూత పక్కకి నెట్టాడు.

పెట్టెలో ఎవరూ లేరు. అడుగున ఇసక పరచుకుని ఉంది. దాని మీద పడుకున్న మనిషి అచ్చు ఉంది. అంతే.

"పదండి. తూదా ఒక్కతే ఉంది ఇంట్లో," అంది ఇత్తో. ఇదీర్ రూపంలో వచ్చినది ఇదీర్ ఇంటికే పోతుంది. చుట్టలతో రోడ్డెక్కినా ఈ ఊళ్లో ఎవరూ అడగరు. లిఫ్ట్ కూడా ఇస్తారు. ఆ ఆలోచన రాగానే ఆమె బయట ఆపిన కారు వైపు పరిగెత్తింది.

జవాద్ కారు దుమ్ములో పాక్కుంటూ పోయింది. వెనక సీట్లో ఇత్తో ఇదీర్ చెయ్యి పట్టుకుని కూర్చుంది. ధైర్యం కోసం పట్టుకుంది. అతను కిటికీ వైపే చూస్తున్నాడు. కార్లో కూడా తలగుడ్డ తియ్యలేదు. భయపడి ఉంటాడనుకుంది.

వీధిలోకి వచ్చేసరికి గాలి తగ్గింది. బూడిదరంగు వెలుతురు. ఇత్తో ముందు దిగి, రెండు చేతుల్తో తలుపు బాదింది. తూదా పాపని భుజాన వేసుకుని తీసింది. క్షేమంగా ఉంది. ఇత్తోకి ఏడుపొచ్చినంత పనైంది.

"అలా బాదుతావేంటక్కా, ఇప్పుడే నిద్రపోయింది పిల్ల."

"ఇక్కడికెవరైనా వచ్చారా? చుట్టలతో?"

"ఇంకెవరు, నా మొగుడే. పెట్టెలో ఊపిరాడక, అరిచినా గాలికి మీకు వినపడక, లైట్లు పోగానే వెనక తెర ఎత్తుకుని బయటపడ్డాడట. నీళ్ల ట్యాంకరు ఎక్కి వచ్చాడు. చుట్టలు నేనే కత్తిరించాను. ఒకటే తిట్లు నిన్ను. అంత గట్టిగా చుడతావా ఎక్కడైనా?"

లోపల స్నానాలగదిలో నీళ్లు పోసుకుంటున్న చప్పుడు. దగ్గు. "తూదా, ఎవరే?" అని ఇదీర్ కేక.

తూదా చూపు అప్పుడు అక్క భుజం మీదుగా వెనక్కి వెళ్లింది. పాపని ఇంకాస్త దగ్గరికి హత్తుకుంది. గొంతు తగ్గించింది.

"అక్కా... ఆయనెవరు?"

ఇత్తో వెనక్కి తిరిగింది.

కారు దిగి వచ్చినవాడు గుమ్మం ముందు నిలబడి ఉన్నాడు. ఇంటికొచ్చిన మనిషి ఎవరైనా చేసేట్టే, తొందర లేకుండా, తలగుడ్డ విప్పుతున్నాడు. ఒక చుట్టు... ఇంకో చుట్టు... నీలం గుడ్డ కాళ్ల దగ్గర పడింది. దాని కింద గోధుమరంగు గుడ్డ. అదీ విప్పాడు. దాని కింద ఇంకోటి, ముట్టుకుంటే పొడి రాలేంత పాతది. అలాంటి నేత ఇత్తో ఏనాడూ చూడలేదు.

లోపల నీళ్ల చప్పుడు ఆగింది.

అతని చేతులు తిరుగుతూనే ఉన్నాయి. కాళ్ల దగ్గర గుడ్డ కుప్ప మోకాళ్ల ఎత్తుకి వచ్చింది.

ఇంకా ముఖం రాలేదు.