మూడు సెట్ల జెరాక్స్

"క్రేన్ కదిలితే నా మీదుగానే కదలాలి!"

నడివీధిలో ప్లాస్టిక్ కుర్చీ వేసుకుని, కాలు మీద కాలేసుకుని కూర్చుందా అమ్మాయి. వెనక క్రేన్, ముందు ఆమె, మధ్యలో మొబైల్ టవర్ కంపెనీ సైట్ ఆఫీసర్నైన నేను, నా బిక్కమొహం.

"పర్మిషన్ ఉంది మేడం."

"ఎవరిచ్చారు?"

"మున్సిపాలిటీ."

"మీరు టవర్ ఎక్కించే డాబాకి స్తంభాలన్నీ పగుళ్ళే. దాన్ని ఆనుకునే మా ఇల్లు. మా నాన్న మంచం దిగలేరు. అది కూలితే మున్సిపాలిటీ వచ్చి మోసుకెళ్తుందా?"

క్రేన్ డ్రైవర్‌కి ఇంజన్ ఆపమని సైగ చేశాను. ఆ కళ్ళలోకి చూస్తూ ఇంకో ముక్క చెప్పడం నా వల్ల కాలేదు.

వారం తిరక్కుండా కోర్టు నుంచి స్టే తెచ్చింది. అప్పట్నుంచీ ఆ వీధిలో ఆమె పేరు స్టే మేడం.

కేసు విచారణకి ముందురోజు మా లాయర్ గారు సైటు చూస్తానంటే తీసుకొచ్చాను. కారు దిగుతూనే కాగితాల కట్ట నా చేతిలో పెట్టి, "మూడు సెట్లు తీయించుకురా, పరిగెత్తు" అన్నారు. కనపడిన బోర్డు దగ్గరికి పరిగెత్తి, "మూడు సెట్లు" అంటూ కట్ట కౌంటర్ మీద పెట్టేశాను. తలెత్తితే స్టే మేడం!

ఆమెకి జెరాక్స్ షాపుందని నాకేం తెలుసు?

"మూడు సెట్లేనా? మాకొద్దా?" అంటూ పకపకా నవ్వింది. "కంగారు పడకండి, ఎలాగూ కోర్టులో మాకో కాపీ ఇవ్వాల్సిందేగా."

నవ్వితే ఇంత బాగుంటుందని కూడా నాకు తెలీదు. నోరు తెరుచుకుని చూస్తున్నాను. ఉన్నట్టుండి మెషీన్ ఆగింది. ఆమె చేతిలో ఒక ఫోటో ఉంది. టవర్ మీద అభ్యంతరాలుంటే చెప్పమంటూ డాబా గోడకి ముప్పై రోజులు నోటీసు అంటించామనడానికి మా సాక్ష్యం అదొక్కటే.

"ఈ ఫోటోలో నా షట్టర్ దించి ఉంది. 'పది నిమిషాల్లో వస్తాను' అని అట్ట వేలాడుతోంది. నాన్నకి అన్నం పెట్టేటప్పుడే నేనది తగిలిస్తాను. మిగతా రోజంతా ఈ గోడ పక్కనే ఉంటాను. నాకీ నోటీసు ఒక్కసారీ కనపళ్ళేదు. ఫోటో తీసిందెవరు?"

"నేనే."

"తీశాక?"

"పీకేశాను."

మా కంపెనీలో పద్ధతే అది. అంటించు, ఫోటో కొట్టు, పీకు, ఇంకో సైటుకి పద. నాకు నేర్పిన సీనియర్‌కి ఇంకో సీనియర్ నేర్పాడు.

ఆమె అరవలేదు. అరిచినా బాగుండేది.

"రేపు బోనెక్కి ఏం చెప్తారు?"

"ముప్పై రోజులుందని కోర్టు అఫిడవిట్ మీద సంతకం పెట్టేశాను."

"సంతకం సంగతి నేనడగలేదు" అని మూడు సెట్లూ పిన్ను కొట్టి నా ముందు పెట్టింది.

మర్నాడు బోనులో లాయర్ గారు ధీమాగా అడిగారు. "నోటీసు గోడ మీద ఎన్ని రోజులుంది?"

"పది నిమిషాలండీ."

"సరిగ్గా గుర్తు తెచ్చుకోండి!"

"బాగా గుర్తుందండీ. పీకింది నేనే."

జడ్జి గారు కళ్ళజోడు తీసి చూశారు. "తప్పుడు ప్రమాణం చేసినందుకు నీ మీద చర్య తీసుకోవచ్చు, తెలుసా?"

"తెలుసండీ. తీసుకోండి."

వీధివాళ్ళ మాట వినకుండా ఒక్క ఇటుక కదపడానికి వీల్లేదని ఆర్డరు వచ్చింది. నేను మెట్లు దిగేలోపే ఆఫీసు నుంచి ఫోనూ వచ్చింది.

బయట వీధి వీధంతా నిలబడి ఉంది. "పీకినోడూ వీడే, ఇప్పుడు మంచోడూ వీడేనా?" అన్నాడు వాళ్ళ వీధి టైలర్ బాబాయ్. నిజమే కాబట్టి తల దించుకున్నాను.

జనాన్ని తోసుకుంటూ ఆమె స్కూటీ వచ్చి నా ముందు ఆగింది.

"ఉద్యోగం?"

"పోయింది."

"నా కోసమేనా?"

"అవునంటే బాగుంటుంది గానీ, అబద్ధం. ఆ సంతకం మింగుడు పడలేదు, అందుకు. ఎలాగూ నిజాలు మొదలెట్టాను కాబట్టి ఇంకోటీ చెప్పేస్తున్నా. మీరంటే నాకు ప్రాణం."

జనంలో ఎవరో "హవ్వ!" అన్నారు.

"మీ మీద నాకింకా కోపంగానే ఉంది" అందామె.

"ఉండాలి."

"చాన్నాళ్ళుంటుంది."

"భరిస్తాను."

"మా నాన్న దగ్గరికొచ్చి, చేసిందంతా మీ నోటితో చెప్పాలి. ఆయన చెడామడా తిడతారు. తిట్టడం అయ్యాక నేను చెప్తాను, ఉద్యోగం పోతుందని తెలిసీ నిజం చెప్పిన ఈయనంటే నాకిష్టమని."

"కంపెనీవాడితోనా అమ్మాయ్!" బాబాయ్ గుండెలు బాదుకున్నాడు.

"బాబాయ్, టవర్ కట్టాలంటే వీధంతటినీ అడగాలి. నా పెళ్ళికి నన్నడిగితే చాలు." నా వైపు తిరిగింది. "చూస్తారేం? ఎక్కండి!"

ఎక్కి కూర్చున్నాను. అందరికీ కనపడాలనే, కావాలనే ఆమె బండిని నెమ్మదిగా నడిపింది.