కోటమ్మ తాగని నీళ్ళు

చేపల పులుసు వడ్డించిన కంచం ముందునుంచి కోటిలింగం లేచిపోయాడు! తుఫాను హెచ్చరిక వచ్చిన రోజు కూడా మారు పోయించుకుని తినే మనిషి... భార్య కోటమ్మ గరిటె వదిలేసి వెంటపడింది.

"ఏమైందయ్యా?"

"నా పెద్దరికాన్ని ఫోన్లో పెట్టి ఊరంతా తిప్పావు, ఇంకేమవ్వాలి!"

సంగతేమిటంటే, ఎన్నికలైన కొత్తల్లో హైదరాబాదునుంచి ఒకమ్మాయి కెమెరాతో గిలకలదిండి హార్బరుకి వచ్చింది. దేశం మారిపోతోందట, ఆ మార్పు మామూలు జనానికి ఎంతవరకు అందిందో డాక్యుమెంటరీ తీస్తుందట. అంతమంది ఆడవాళ్ళలో ఆమెకి కోటమ్మే నచ్చింది. ముప్ఫయ్యేళ్ళు చేపలమ్మిన గొంతు, మైకు అక్కర్లేదు మరి! "మా ఊళ్ళో ఓటెవరికో పెద్దలు తేలుస్తారమ్మా, సిరా మాత్రం మా వేలికి. ఈసారి నాకు నచ్చినట్టు వేశాను" అనేసింది. ఆ పెద్దల్లో తన మొగుడూ ఒకడని ఆ క్షణాన గుర్తురాలేదు పాపం! ఇప్పుడెవరో ఆ ముక్క ఒక్కటే కత్తిరించి వాట్సాప్‌లోకి వదిలారు.

"సాయంత్రం పెద్దలంతా రామాలయం దగ్గర కూర్చుంటున్నారు. తప్పయిపోయిందని చెప్పు. లేదంటే మా తాతనాటి పెద్దరికం నాతో పోతుంది..."

కోటమ్మ కొంగు నోట్లో కుక్కుకుంది. ఆయన తలెత్తుకు తిరగాలనే కదా ఇన్నాళ్ళూ నోరు కట్టేసుకుంది! "చెప్తాలే..." అంది.

కోడలు దివ్యశ్రీ ఊరుకోలేదు. "మావయ్యా, మీరు చూసింది అరనిమిషం. అసలు సినిమా గంట. అత్తయ్య ఎందుకలా వేసిందో కూడా వినండి" అంటూ తన ఫోన్లో పెట్టింది.

"వద్దే!" కోటమ్మ ఫోను లాక్కోబోయింది. అప్పటికే అందులోని కోటమ్మ మాట్లాడేస్తోంది.

"చేపల వేలంపాట దగ్గర ఆడవాళ్ళకి మరుగుదొడ్డి లేదమ్మా. అందుకే తెల్లారగట్ల బయల్దేరితే మధ్యాహ్నం ఇల్లు చేరేదాకా గుక్కెడు నీళ్ళు తాగం. రెండుసార్లు ఆస్పత్రి పాలయ్యాను. పెద్దలేమో ఓట్లేయిస్తామని పార్టీలవాళ్ళని గుడికి రంగులడుగుతారు, కల్యాణమంటపం అడుగుతారు... ఇదెవరడుగుతారు? అందుకే ఈసారి వాళ్ళ మాట వినలేదు."

"మీ ఆయనకి చెప్పలేదా?" ఫోన్లో ఆ కెమెరా అమ్మాయి గొంతు.

"ప్రాణాలు అరచేతిలో పెట్టుకుని సముద్రంనుంచి వచ్చే మనిషికి ఇదేం చెప్పుకుంటాం... సిగ్గు కదమ్మా!"

కోటిలింగం ఫోను వదిలి భార్యవైపు తిరిగాడు. "ఆస్పత్రిలో... ఎండదెబ్బన్నావు కదే!"

"ఎండ కూడా ఉంది కదా" అంది కోటమ్మ, కళ్ళు తుడుచుకుంటూ.

సాయంత్రం రామాలయం అరుగు నిండిపోయింది. కోటమ్మ చేతులు జోడించి నోరు తెరవబోతుంటే, "ఆగు!" అని కోటిలింగం లేచాడు. "నా ఇంట్లో మనిషి ముప్ఫయ్యేళ్ళు దాహంతో ఉంటే తెలుసుకోలేనివాణ్ణి, ఊరి ఓటెటో నేనెలా తేలుస్తాను? తప్పు నాది. నా పెద్దరికం ఇక్కడితో సరి!" భుజంమీది కండువా తీసి అరుగుమీద పెట్టేశాడు. కోటమ్మ భోరుమంది.

"ఆడవాళ్ళ గొడవలు ఇప్పుడెందుకు బావా?" అన్నాడు పెద్దల్లో ఒకడైన బాలస్వామి.

"ఇంటికి రా, ఎందుకో చెప్తా!" వెనకనుంచి అతని పెళ్ళాం గొంతు.

ఆ తరవాత కోటమ్మని తప్పయిపోయిందని చెప్పమనే ధైర్యం ఎవరికీ లేకపోయింది. మరుగుదొడ్డి కోసం అక్కడికక్కడే అర్జీ రాశారు. బాలస్వామి అందరికంటే ముందు సంతకం పెట్టాడు!

అర్జీ ఏ ఆఫీసులో నిద్రపోతోందో గానీ, మర్నాడు తెల్లారేసరికి వేలంపాట షెడ్డు వెనక నాలుగు వెదుళ్ళు పాతి, పడవమీది టార్పాలిన్ చుట్టూ కట్టేశాడు కోటిలింగం. లోపల బకెట్టు, పక్కన డ్రమ్ము నిండా నీళ్ళు. తరవాత గంప దించుకుంటున్న భార్యకి చెంబెడు మంచినీళ్ళు అందించి, ఎదురుగా నిలబడ్డాడు.

"పడవ కదిలిపోతుందయ్యా, నువ్వెళ్ళు..."

"సముద్రం ఎక్కడికీ పోదు" అన్నాడు. "ముందు తాగు."