అన్నం తినని హైడ్రాలు

శనివారం ఒంటిపూట బడి. లాంగ్ బెల్లు కొట్టగానే ఏడో తరగతి గది ఖాళీ అయింది. హసీనా ఒక్కతే కిటికీలోని గాజు సీసా ముందు ఆగిపోయింది.

సీసాలో నాచు మొక్క, దానికి అంటుకుని హైడ్రాలనే నీటి జీవులు మూడు. ఒక్కోటి చిన్న దారప్పోగంత. కొసన సన్నటి చేతులు. సైన్సు చెప్పే రామబ్రహ్మం మాస్టారు వాటిని సాగర్ కాలవలో పట్టి గురజాల బడికి తెచ్చారు. సముద్రంలో పువ్వులా విచ్చుకునే సీ అనిమోన్ అనే జీవికి ఇవి చుట్టాలట. రెండూ చేతులతో కుట్టి, ఎర చచ్చుబడ్డాక మింగుతాయట. తిన్నదాంట్లో మిగిలిన పిప్పిని మళ్లీ ఆ నోటితోనే బయటికి ఊసేస్తాయట.

మేత తెచ్చే పని అదే తరగతి కోటమ్మది. రోజూ వాళ్ల గొడ్ల తొట్టిలోంచి, నీళ్లలో గెంతే చిన్న పురుగులను పట్టుకొచ్చేది. ఆ రోజు దొరకలేదని వట్టి చేతులతో వచ్చింది.

సోమవారం దాకా ఇవి పస్తుండాలా అనుకుంది హసీనా. జాలేసింది. టిఫిన్ డబ్బాలో మిగిలిన అన్నం గుప్పెడు నలిపి సీసాలో వేసి ఇంటికెళ్లింది.

సోమవారం సీసా నీళ్లు పాలలా విరిగి, కంపు కొడుతున్నాయి. హైడ్రాలు లేవు. నాచు మీద బూజులాంటిది మాత్రం ఉంది.

పురుగులతో పాటు సున్నం నీళ్లు వచ్చాయేమోనని, తొట్టికి ఈమధ్య సున్నం వేశారా అని మాస్టారు కోటమ్మను అడిగారు. ఆ పిల్ల బిక్కమొహం వేసింది.

"ఏమో సార్. మా తొట్టి నీళ్లే మంచియి కావేమో."

హసీనా నోరు తెరవబోయింది. మళ్లీ తల వంచుకుని పుస్తకం తెరిచింది. ఆ మధ్యాహ్నం కోటమ్మ అన్నం ముట్టలేదు. ఇకమీదట మేత పని వేరేవాళ్లకు ఇవ్వమని మాస్టారికి చెప్పేసింది.

నాలుగు రోజుల తర్వాత మాస్టారు మళ్లీ కాలవకు వెళ్లారు. ఈసారి ఒక్క హైడ్రానే దొరికింది. సీసా దగ్గర ఎప్పుడూ నిలబడేది హసీనాయే కాబట్టి, మేత పని ఆమెకే అప్పగించారు.

హసీనా లేచి నిలబడింది.

"కోటమ్మ తప్పేం లేదు సార్. అన్నం వేసింది నేను. ఆకలేస్తదని వేశా."

మాస్టారు సీసా కింద పెట్టారు.

"అవి బతికున్న పురుగునే పట్టుకుంటాయమ్మా. అన్నం వాటికి మేత కాదు. నీళ్లలో కుళ్లిపోతుంది," అన్నారు. "ఆ రోజే చెప్పాల్సింది."

కోటమ్మ తల తిప్పి చూడలేదు. బడి వదిలాక గబగబా నడిచిపోతుంటే హసీనా వెనకే పరిగెత్తింది.

"పురుగుల్ని ఎట్టా పట్టాలో నాకు తెలీదు కోటమ్మా. మీ తొట్టి కాడికి రానిస్తావా?"

కోటమ్మ నడక కొంచెం తగ్గించింది. హసీనా ఆమె పక్కన కాకుండా, ఒక అడుగు వెనకే నడిచింది.