ఇంటి ఓటు

పెనం మీద పెసరట్టు చుయ్యిమన్నదీ, టీవీలో అమెరికా ఎన్నికల హడావిడి మొదలైందీ ఒకేసారి, ఆ బుధవారం పొద్దున. సింగపూర్ బూన్ లేలో పదకొండో అంతస్తు ఫ్లాటు. సుధాకరరావు తలంటి పోసుకుని, ఇస్త్రీ చొక్కా తొడుక్కుని, మగపెళ్ళివారి మనిషిలా సోఫాలో కూర్చున్నాడు. జురాంగ్‌లో తను పనిచేసే ఫ్యాక్టరీకి ఒంట్లో బాగాలేదని చెప్పి సెలవు పెట్టాడు.

"ఓట్లు వేసేది వాళ్ళు. ఇస్త్రీ చొక్కా మీకెందుకండీ?" అంది శ్యామలాదేవి వంటింట్లోంచి.

"వాళ్ళేమిటి, మనకీ ఒక ఓటుందిగా అక్కడ," అన్నాడు.

ఆ ఓటు అతనిది కాదు, కూతురు మహతిది. అయినా అతని లెక్కలో అది ఇంటి ఓటు. ఇంటిదంటే తనదేనని వేరే చెప్పక్కర్లేదు.

సుధాకరరావుకి ఎక్కడా ఓటు లేదు. మిషిగన్‌లో కార్లు తయారుచేసే ఒక ఊళ్ళో పన్నెండేళ్ళు పనిచేశాడు. పన్నులు కట్టాడు, వాకిట్లో మంచు ఎత్తిపోశాడు, గ్రీన్‌కార్డు వరుసలో నిలబడి ఉండగానే ప్లాంటు మూతపడింది. ఉద్యోగంతోపాటే వీసా పోయింది. సింగపూర్ వచ్చి ఇన్నేళ్ళయినా ఇక్కడ పర్మనెంట్ రెసిడెంటే తప్ప పౌరుడు కాదు. సొంతూరు దుగ్గిరాల ఓటర్ల జాబితాలోంచి అతని పేరు ఎప్పుడో కొట్టేశారు. మూడు దేశాలకు చాకిరీ చేసిన మనిషిని, నీ అభిప్రాయం ఏమిటని ఒక్క దేశమూ అడగలేదు. మహతి మాత్రం ఆ కార్ల ఊళ్ళో పుట్టింది కాబట్టి అక్కడి పౌరురాలు. ఇరవై ఏళ్ళు నిండాయి. ఇక్కడినుంచే టపాలో ఓటు వెయ్యొచ్చు.

అదేమీ మామూలు ఎన్నిక కాదు. ఆ ఏడు ఒకపక్క కరోనా జనాన్ని తినేస్తోంది. ఇంకోపక్క, ఒక నల్లజాతి మనిషి పోలీసు మోకాలి కింద ఊపిరాడక చచ్చిపోయాడని ఊళ్ళకు ఊళ్ళు రోడ్డెక్కాయి. కొన్నిచోట్ల దుకాణాలు తగలబడ్డాయి, కర్ఫ్యూలు పెట్టారు. మిషిగన్‌లో కొందరు తుపాకులు భుజాన వేసుకుని శాసనసభ భవనంలోకే నడిచారు. దేశానికి అధ్యక్షుడెవరో ఆ మిషిగనే తేలుస్తుందని టీవీలవాళ్ళు ఎండాకాలంనుంచీ ఊదరగొడుతున్నారు.

దుగ్గిరాలలో సుధాకరరావు తండ్రి పరంధామయ్యగారిది ఏడు ఓట్ల ఇల్లు. ఎన్నికలొస్తే నాయకులు వచ్చి, అరుగు మీద కూర్చుని, కాఫీ తాగి, ఆయనొక్కరితోనే మాట్లాడి వెళ్ళేవాళ్ళు. ఆ పూట అన్నాల దగ్గర ఆయన "ఈసారి ఫలానా గుర్తు" అనేవారు. ఎందుకని ఎవరూ అడిగేవాళ్ళు కాదు. సుధాకరరావుకి అదంతా ఒక దర్జాగా మనసులో ఉండిపోయింది.

అందుకే సెప్టెంబరులో ఒక ఆదివారం, మహతి హాస్టలునుంచి వచ్చినప్పుడు, అతనూ అన్నాల దగ్గరే ప్రకటించాడు. మూతపడ్డ ఫ్యాక్టరీలు తెరిపిస్తానంటున్న అభ్యర్థికి మన ఓటు అని.

"నాన్నా, ఇట్స్ మై వోట్ లా," అంది మహతి సింగపూర్ యాసలో, నవ్వుతూ. తండ్రి నవ్వలేదని చూసి గొంతు తగ్గించింది. "నేను ఆయనకి వెయ్యను. నవోమి ఇన్నాళ్ళుగా రోడ్డు మీద ఉంది. తన మీద టియర్ గ్యాస్ కొట్టారు. అలాంటివాళ్ళని అణిచేస్తానంటున్నాడు ఆయన."

నవోమి ఆ కార్ల ఊళ్ళో వాళ్ళ పక్కింటి నల్లజాతి పిల్ల. మహతితో కలిసి బడికి వెళ్ళిన పిల్ల.

"షాపులు తగలబెట్టేవాళ్ళని నెత్తిన పెట్టుకోవాలా?"

"నవోమి తగలబెట్టిందా? మనం ఆ ఊరు వదిలిన రోజు అంత మంచులో మనల్ని ఎయిర్‌పోర్టుకి తీసుకెళ్ళింది వాళ్ళ నాన్నే. మర్చిపోయావా?"

"మర్చిపోలేదు. ఆయనా ఆ ప్లాంటులోనే ఉద్యోగం పోగొట్టుకున్నాడు. అది తెరిస్తే ముందు బాగుపడేది ఆయనే. నీకు ఆకలంటే తెలీదు, అందుకే ఊరేగింపులు కనిపిస్తాయి."

ఇద్దరి మాటల్లోనూ ఎంతో కొంత న్యాయం ఉంది. గొడవ పెరగడానికి అదే కారణమైంది. చివరికి "ఈ ఇంటి తిండి తింటూ" అన్న మాట సుధాకరరావు నోట్లోంచి ఊడిపడింది. తండ్రులకి ఆ మాట ఎవరు నేర్పుతారో గానీ అందరికీ వచ్చు. మహతి కంచంలో చెయ్యి కడిగేసుకుని లేచింది. ఆ రోజునుంచి అతను కూతురితో మాట్లాడలేదు.

అక్టోబరులో ఆమె ఇంటికొచ్చి, గది తలుపేసుకుని ఓటు వేసి, కవరు అంటించి, కొరియరు అబ్బాయికి ఇమ్మని తల్లికి చెప్పి పరీక్షకు పరుగెత్తింది. సుధాకరరావు పనినుంచి వచ్చేసరికి శ్యామలాదేవి కూరగాయలకు వెళ్ళింది. అతను కవరు చేతిలోకి తీసుకుని చూస్తే, పైన సంతకం చెయ్యాల్సిన చోటు ఖాళీగా ఉంది. తొందరలో పిల్ల మర్చిపోయింది. విమానాలు తగ్గిపోయిన రోజులు. ఆ పూట వెళ్ళకపోతే ఇక చేరదు.

ఊరుకుంటే ఆ ఓటు దానంతటదే చెల్లకుండా పోయేది. ఫోన్ చేస్తే ముందు తనే దిగొచ్చినట్టవుతుంది. అతను జేబులోంచి పెన్ను తీశాడు. మహతి సంతకం అతనికి కొత్తా? దాన్ని తయారుచేసిందే అతను. సింగపూర్ వచ్చిన కొత్తలో చిన్నపిల్లని పక్కన కూర్చోబెట్టుకుని నేర్పాడు, పేరు మొత్తం రాసి కింద తీగలా ఒక గీత. ఆ తర్వాత బడి కాగితాలూ బ్యాంకు కాగితాలూ వస్తే, ఆమెకోసం ఆగకుండా అతనే ఆ తీగ గీసి పంపేసేవాడు. ఇప్పుడూ అలాగే గీసి, కొరియరు అబ్బాయి రాగానే ఇచ్చేశాడు. నా మాట కాదన్నా నీ ఓటు పంపింది నేనే అని లోలోపల మురిసిపోయాడు కూడా. ఎవరికీ చెప్పలేదు.

ఈ బుధవారం పొద్దున, మహతి తన గదిలోంచి బయటికి వచ్చింది. హాస్టలునుంచి ముందురోజు సాయంత్రమే వచ్చింది గానీ తిండి తినలేదు. కళ్ళు ఉబ్బి ఉన్నాయి. ఆ ఇస్త్రీ చొక్కా ధైర్యమో ఏమో, ఇన్ని వారాల తర్వాత సుధాకరరావే మాట కలిపాడు.

"ఏమ్మా, మన ఓటు చేరిందా?"

"చేరింది," అంటూ లాప్‌టాప్ తెచ్చి అతని ముందు పెట్టింది. "చదువు."

ఆ ఊరి ఎన్నికల ఆఫీసునుంచి వచ్చిన మెయిల్ అది. కవరు మీది సంతకం మా దగ్గరున్న మీ సంతకంతో కలవడం లేదు. అది మీరు పెట్టిందే అయితే ఆ మాట రాసి, సంతకం చేసి పంపండి, ఓటు లెక్కిస్తాం. మీరు కాకపోతే ఎవరు పెట్టారో రాసి, మీ సంతకం చేసి పంపండి, అప్పుడూ పరిశీలిస్తాం. ఏదైనా పోలింగ్ ముగిసేలోపే. అంటే సింగపూర్‌లో ఈ పొద్దున తొమ్మిది లోపు. అబద్ధం రాస్తే శిక్ష ఉంటుందని కింద ఇంకో ముక్క ఉంది.

సుధాకరరావు గోడ గడియారం చూశాడు. ఇంకా టైముంది.

"ఓస్, ఇంతేనా. నేనే పెట్టానని రాసి పడెయ్."

"నేను పెట్టలేదు కదా."

"ఎవరికి తెలుస్తుంది?"

"నాకు తెలుసు. నాకు తెలిస్తే చాలదా?" అంది మహతి. "అది నువ్వు నేర్పిన సంతకం నాన్నా. పద్దెనిమిది నిండాక నేను మార్చుకున్నాను. నువ్వెప్పుడూ చూడలేదు. నాతో సంతకం పెట్టిస్తే కదా చూడ్డానికి."

జవాబు తోచనప్పుడు కోపం తెచ్చుకోవడం సుధాకరరావుకి అలవాటు.

"అయితే రాయి. మా నాన్న దొంగ సంతకం పెట్టాడని రాయి. పోలీసుల్ని పంపమను."

"నిన్నట్నించీ అదే రాస్తున్నా. నీ పేరు దగ్గరికొచ్చి కొట్టేస్తున్నా." ఆమె అతనికి ఎదురుగా కూర్చుంది. "ఒక్కటి చెప్పు. నా ఓటు పోవాలనే చేశావా?"

సుధాకరరావు సోఫా అంచుకు జరిగాడు.

"పోవాలనుకుంటే సంతకం లేకుండానే పంపేవాణ్ణి కదమ్మా. నాకేం పని?"

"ఫోన్ చెయ్యొచ్చుగా. క్యాబ్ ఎక్కి వచ్చేసేదాన్ని."

"నువ్వు మాట్లాడ్డం లేదు కదా."

"నేనా? రోజూ పొద్దున గుడ్ మార్నింగ్ పెట్టాను నీకు. బ్లూ టిక్ పడేది. అంతే."

అది నిజమే. రోజూ చూసేవాడు, చూసి జేబులో పెట్టుకునేవాడు. కూతురు ఇంకొంచెం తగ్గితే అప్పుడు జవాబిద్దామనుకున్నాడు. ఇప్పుడు ఓడిపోయే మనిషి ఎప్పుడూ చేసే పనే చేశాడు, తండ్రిని మధ్యలోకి తెచ్చాడు.

"మా ఇంట్లో ఇలాంటి పంచాయితీలు ఎన్నడూ లేవు. ఏడు ఓట్లుండేవి. మా నాన్న ఒక్క మాట చెప్తే ఏడుకి ఏడూ పడేవి. ఎవరి పెంపకం అది?"

"ఏడు కాదండీ," అంది శ్యామలాదేవి.

స్టవ్ కట్టేసి, అట్లకాడ చేతిలో అలాగే పట్టుకుని, ఆమె వంటింటి గుమ్మంలో నిలబడి ఉంది.

"ఏమిటి?"

"పడినవి ఆరే. ఏడోది నాది. నేను వేరే గుర్తుకి వేశాను."

సుధాకరరావు భార్యని కొత్త మనిషిని చూసినట్టు చూశాడు. ఆమె గొంతులో గొప్పా లేదు, తప్పు చేశానన్న బెరుకూ లేదు.

"ఓట్లయిన సాయంత్రం ఆ నాయకులొచ్చి అరుగు మీద కూర్చుంటే, మావి ఏడూ పడ్డాయి అని మామయ్యగారు చెప్పారు. వాళ్ళకి కాఫీలు ఇచ్చింది నేనే."

"ఏ గుర్తుకి వేశావు?"

"అది మీకెందుకండీ?"

మహతి తల్లివైపు తిరిగింది. టీవీలో ఎవరో మిషిగన్ పటం మీద వేలుపెట్టి ఏదో చెబుతున్నారు, ఎవరూ వినడం లేదు.

"ఎందుకలా చేశావు మరి?" అన్నాడు సుధాకరరావు. అడిగిన గొంతులో ఇందాకటి జోరు లేదు.

"ఏమో. నేను ఓటేసినవాడు గొప్పవాడనేం కాదు. పెళ్ళయి మీ ఇంటికొచ్చాక ఎప్పుడూ పక్కన ఎవరో ఒకరు ఉండేవాళ్ళు. వంటింట్లో అత్తయ్యగారు, గదిలో మీరు. ఆ ఓటు పెట్టె దగ్గర, అట్ట అడ్డం పెడతారు చూడండి, అక్కడ ఒక్కదాన్నే ఉన్నాను. ముద్ర చేతిలో పట్టుకుని కాసేపు ఊరికే నిలబడ్డాను. అది కూడా మామయ్యగారిది ఎందుకవ్వాలి అనిపించింది." అట్లకాడ పక్కన పెట్టి చేతులు తుడుచుకుంది. "ఈ పిల్లకీ అలాంటి చోటు ఒకటుంటే, అక్కడా మీరే చెయ్యి పెట్టారు. మంచికే పెట్టారు, నాకు తెలుసు. మీరు ఏది చేసినా మంచికే."

ఆఖరి మాటలో వెటకారం లేదు. ఉంటే కోప్పడి తప్పించుకునేవాడు.

సుధాకరరావు చేతులు ఒళ్ళో పెట్టుకుని కూర్చుండిపోయాడు. ఈ ముగ్గురూ ఒకరి బతుకు ఒకరికి తెలుసనుకుంటూ ఒకే కప్పు కింద ఇన్నాళ్ళు ఉన్నారు. తనని మూడు దేశాలు అడక్కుండా వదిలేశాయని కుమిలినవాడు, ఇంట్లో ఉన్న ఇద్దరిని ఎన్నడైనా అడిగాడా? అడగలేదు. అడగాలని తెలియనైనా తెలియదు. ఆ సంగతి ఇవాళ, ఇస్త్రీ చొక్కా వేసుకుని కూర్చున్నాక తెలిసింది.

"రాయమ్మా," అన్నాడు చివరికి. "మా నాన్నే పెట్టాడని రాయి. నా పేరు పెట్టు. ఏం చేస్తారో చెయ్యనీ."

మహతి లాప్‌టాప్ ముందుకు లాక్కుంది. తండ్రి పేరు టైపు చేసింది, ఈసారి కొట్టెయ్యలేదు. కింద తన సంతకం పెట్టి పంపబోతూ టీవీవైపు చూసింది. మిషిగన్‌లో చాలా ఊళ్ళలో పోలింగ్ ముగిసిందని అక్షరాలు పరుగెడుతున్నాయి. గడియారం తొమ్మిది దాటింది.

"అయిపోయింది నాన్నా," అని మూత మూసేసింది.

ఇందాక రాసెయ్యమన్నప్పుడు ఉన్న టైమంతా తన కోపానికే ఖర్చయిపోయిందని అతనికి అర్థమైంది. పెసరట్లు చల్లారిపోయాయి. ముగ్గురూ అవే తిన్నారు.

మర్నాటికి మిషిగన్ సంగతి తేలింది, పెద్ద తేడాతోనే. మహతి కోరుకున్నవాడే గెలిచాడు, ఆమె ఓటు లేకుండానే గెలిచాడు. నవోమి వీడియోకాల్ చేసి అవతల గంతులేస్తుంటే మహతి కూడా నవ్వింది. "నీ ఓటూ ఉందిగా ఇందులో," అని నవోమి అనడం పక్కగదిలో సుధాకరరావుకి వినిపించింది. మహతి ఏమీ అనలేదు. లేదని చెబితే ఎందుకు లేదో చెప్పాలి కదా. ఒక్క ఓటుతో పోయేదేముందమ్మా అని కూతురిని ఓదార్చాలని ఆ పొద్దునంతా అనుకుని, అనలేకపోయాడు. ఆ మాట ఆమెకి ఓదార్పు కాదు, తనకి సాకు.

ఆ మధ్యాహ్నం ఆమె హాస్టలుకి బయల్దేరుతూ బ్యాగు సర్దుకుంటుంటే కాలింగ్ బెల్ మోగింది. సుధాకరరావు తలుపు తీశాడు. మాస్కు వేసుకున్న పోస్ట్‌మన్, బ్యాంకునుంచి వచ్చిన రిజిస్టర్డ్ కవరు. పైన మహతి పేరు. పోస్ట్‌మన్ పెన్ను ముందుకు చాపాడు.

సుధాకరరావు చెయ్యి దానంతట అదే వెళ్ళి పెన్ను అందుకుంది. తీగ మొదలు పెట్టే చోటికి కూడా వెళ్ళింది. అక్కడ ఆగింది.

"మహతీ, నీకేదో వచ్చిందమ్మా. వచ్చి సంతకం పెట్టు."

ఆమె వచ్చింది. తండ్రి చేతిలో పెన్ను వంక, అతని మొహం వంక చూసి, పెన్ను తీసుకుంది. సంతకం చేసింది. పేరు మొత్తం లేదు, తీగా లేదు. పైకి లేచిన ఒక నిలువు గీత, దాన్ని కోసుకుంటూ ఇంకొకటి, చివర చుక్క. ఇరవై ఏళ్ళు పెంచిన కూతురి సంతకం అతను చూడటం అదే మొదలు.

పోస్ట్‌మన్ వెళ్ళిపోయాడు. సుధాకరరావు తలుపు వేసి, గడియ మీద చెయ్యి అలాగే ఉంచి, అటే తిరిగి నిలబడ్డాడు. భుజాలు కదులుతున్నాయి. మహతి కవరు పట్టుకుని వెనకే నిలబడింది. ట్రైన్‌కి టైమవుతున్నా కదల్లేదు.

"బాగుందమ్మా, నీ సంతకం," అన్నాడు అతను, తలుపుతో అన్నట్టు.

"ఊఁ," అంది మహతి.