వస్తా అనలేదు

ఆ పాటలో అందరూ తిట్టుకునే దుర్మార్గుణ్ణి నేనేనని నాకు పద్నాలుగో టేక్‌లో తెలిసింది.

అప్పటిదాకా అద్దానికి ఇటువైపు కూర్చుని రికార్డింగ్ చేస్తూ నేను కూడా వాణ్ణి తిట్టుకుంటున్నాను. దొరికితే రెండు తగిలించాలనిపించింది.

అటువైపు ముగ్గురమ్మాయిలు. ముగ్గురూ ఒకే అపార్ట్‌మెంట్‌లో మూడో అంతస్తులో ఉంటారు కాబట్టి గ్రూప్ పేరు ‘మూడో అంతస్తు’. పాటలు రాసి, ముందు నిలబడి పాడేది డైరీ. చేతిలో డైరీ లేకుండా ఆమెను ఎవరూ చూడలేదు. పక్కన ఆమె చెల్లి. ఆ పక్కన తాళం తప్పని ఎదురింటి అమ్మాయి; తాళం కొలిచే యంత్రం పేరే ఆమెకూ పెట్టారు, మెట్రోనోమ్.

నన్ను కత్తెర అంటారు. ఆ పేరు డైరీ పెట్టిందే. రెండేళ్ళ కిందట వాళ్ళు మొదటిసారి నా స్టూడియోలో పాడిన రోజు, పాట విని నా మీదికొచ్చింది.

“నా ఊపిరేది?”

“ఏ ఊపిరి?”

“చరణానికి ముందు ఊపిరి తీసుకున్నాను. ఏం చేశావ్?”

“కోసేశాను. చప్పుడు కదా.”

“చప్పుడా! నేను బతికున్నాననడానికి అదే సాక్ష్యం. నువ్వు ఇంజినీర్‌వా, కత్తెరవా?”

ఆ రోజు నుంచి, ఆ ఊపిరి వినబడని రోజు నాకు రోజు కాదు.

ఆర్నెల్ల కిందట ఒక నాటక బృందంతో మూడు వారాలు ఊళ్ళు తిరిగే పని వచ్చింది. ఎదురుగా చెప్పే ధైర్యం లేక, బస్సెక్కే ముందు డైరీకి వాయిస్ మెసేజ్ పంపాను. మనసులో మాటంతా చెప్పేశాను. జవాబు లేదు. తిరిగొచ్చేసరికి ‘నువ్వు’ కాస్తా ‘మీరు’ అయింది. కత్తెర కాస్తా ‘ఇంజినీర్ గారు’ అయ్యాడు. కాదని ఇంతకంటే మర్యాదగా ఎవరు చెబుతారు? నోరు మూసుకున్నాను.

ఇప్పుడు ఈ పాట. నా వెనక సోఫాలో నిర్మాత గడియారం చూసుకుంటున్నారు. నాలుగింటికల్లా ఫైల్ వెళ్ళిపోవాలి. పదమూడు టేకులు పల్లవికీ మొదటి చరణానికే సరిపోయాయి.

“వెళ్తున్నా అన్నావు...
వస్తా అనలేదు...”

అవతలి గదికి వినబడే మైక్ మీట నొక్కాను. “మేడమ్, రెండు లైన్ల మధ్య మూడు సెకన్ల ఖాళీ వస్తోంది. కోసెయ్యనా?”

“వద్దండీ. పాటంతా ఆ ఖాళీలోనే ఉంది,” అంది డైరీ నా వైపు చూడకుండా.

“కోయకపోతే ఆయనకి తోచదక్కా,” అంది చెల్లి.

పద్నాలుగో టేక్. రెండో చరణం మొదలైంది.

“గొడుగు మర్చిపోకన్నావు...
నన్నే మర్చిపోయావు...”

“కట్!” అన్నాను. అన్నానంటే, అరిచాను.

“ఏమైంది? శ్రుతి పోయిందా?”

“గొడుగు మర్చిపోకన్నది ఎవరు?”

మెట్రోనోమ్ కాలితో వేస్తున్న తాళం ఆగిపోయింది.

“పాపం, గుర్తులేదా ఇంజినీర్ గారికి?” అంది డైరీ.

“నేనే! కానీ నేను వస్తానని కూడా అన్నాను! ఆ తర్వాత ఇంకా చాలా అన్నాను!”

“ఏడు సెకన్ల మెసేజ్. నాకు కంఠతా వచ్చు. ‘నేను వెళ్తున్నా. వానలు పడుతున్నాయి, గొడుగు మర్చిపోకు.’ అంతే! తిరిగొచ్చే మనిషెవడైనా వెళ్ళొస్తా అంటాడు.”

ఏడు సెకన్లా?

ఫోన్‌లో మాట్లాడితే ఫ్యాన్ చప్పుడు పడుతుందని ఆ మెసేజ్‌ని స్టూడియో మైక్‌లో రికార్డ్ చేశాను. చేసి, చప్పుళ్ళు తీసేసే సాఫ్ట్‌వేర్‌లో వేశాను. దానికి నేను నేర్పిన సూత్రం ఒకటుంది: మూడు సెకన్లు నిశ్శబ్దం వస్తే మాట అయిపోయినట్టే, మిగతాది కోసెయ్యి. గొడుగు దగ్గర ఆగి నేను ధైర్యం కూడగట్టుకున్నాను. నా ధైర్యానికి మూడు సెకన్లు చాలలేదు. సిగ్గేసి, పంపేముందు మళ్ళీ వినలేదు.

“ఒరిజినల్ ఉంది! ఒరిజినల్ ఎప్పుడూ చెరపను!” అని కంప్యూటర్ వైపు తిరిగాను.

తెర మీద: ‘పాత ఫైళ్ళు చెరిపివేయబడుతున్నాయి. 79 శాతం.’

పన్నెండో టేక్‌లో డిస్క్ నిండిపోయింది, పాతవి చెరిపెయ్యనా అని కంప్యూటర్ అడిగితే, చూసుకోకుండా సరే నొక్కాను.

ప్లగ్ పీకేశాను.

“నా టేకులయ్యా!” నిర్మాత లేచి నిలబడ్డారు.

“అన్నీ సేవ్ అయ్యాయి సార్. నేనొక్కణ్ణే అవ్వలేదు.”

మళ్ళీ ఆన్ అయ్యేసరికి మూడున్నర. ఫైల్ ఉంది! కంగారులో రెండు గదుల స్పీకర్లూ తెరిచి నొక్కాను. సరిగ్గా అప్పుడే డైరీ వాళ్ళమ్మగారు టీ ఫ్లాస్కుతో తలుపు తోసుకుని వచ్చారు.

“...గొడుగు మర్చిపోకు.” నిశ్శబ్దం. ఒకటి. రెండు. మూడు. నాలుగు. ఐదు. “వస్తా. మూడు వారాల్లో వస్తా. వచ్చాక మీ ఇంటికొస్తా. మీ అమ్మగారంటే భయం, అయినా వస్తా. నువ్వంటే నాకు... ఇష్టం. చాలా. నీ ఊపిరి ఇంకెప్పుడూ కోయను.”

డైరీ మొహానికి డైరీ అడ్డం పెట్టుకుంది. భుజాలు కదులుతున్నాయి. ఏడుస్తోందో నవ్వుతోందో తెలియలేదు.

“ఆర్నెల్లు నీ మీద శాపనార్థాలు రాశాను కదరా కత్తెరా!”

‘నువ్వు’ తిరిగొచ్చింది. పక్కన ఒక ‘రా’ని కూడా తెచ్చింది.

“ఒక్కసారి అడగొచ్చుగా?”

“నువ్వు అడగొచ్చుగా?”

“నువ్వు మీరు అన్నావ్!”

“నువ్వు వెళ్తున్నా అన్నావ్!”

వాళ్ళమ్మగారు ఫ్లాస్కు బల్ల మీద పెట్టి నన్ను ఎగాదిగా చూశారు.

“ఇది ఆర్నెల్లుగా సరిగ్గా అన్నం తినకపోవడానికి కారణం నువ్వేనా?”

“అవునండీ.”

“నేనంటే భయమా?”

“అవునండీ.”

“ఆ మాత్రం ఉండాలి. ఆదివారం మీ అమ్మానాన్నల్ని తీసుకురా.”

“బావా, తర్వాతి టేక్ ఎప్పుడు?” అంది చెల్లి.

“ఇంకా బావ కాలేదు, నోర్ముయ్.”

“ప్రాక్టీస్ చేస్తున్నానమ్మా.”

“అందరూ బాగున్నారు, నేనే మునిగాను,” అన్నారు నిర్మాత. “నవ్వే పిల్లతో ఏడుపు పాట ఎలా పాడిస్తావ్?”

నిజమే. తర్వాతి నాలుగు టేకులూ గొడుగు దగ్గరికి రాగానే నవ్వులో కొట్టుకుపోయాయి. నాలుగింటికి పది నిమిషాలుంది. ఇక చేసేదేం లేక పద్నాలుగో టేకే తీసుకున్నాను. అది ఆగిన చోటే పాట ముగించి, నా అరుపు మాత్రం కోశాను. దాని బదులు నా మెసేజ్‌లోని ఆ ఐదు సెకన్ల ఖాళీ, దాని చివర ఒక్క మాట.

“వస్తా.”

పాట అలాగే విడుదలైంది. ప్రేమలో దెబ్బతిన్నవాళ్ళంతా ఆ ఒక్క మాట కోసం చివరిదాకా విన్నారు. అతను వచ్చాడా లేదా అని ఇప్పటికీ ఉత్తరాలు రాస్తూనే ఉన్నారు. మా అమ్మ అయితే, “చివర్లో ఆ గొంతు అచ్చం నీదేరా, అదే నసుగుడు,” అంది.

రికార్డింగ్ అయిన ఆ సాయంత్రం స్టూడియో మెట్ల దగ్గర వాన పట్టుకుంది. వాళ్ళ ఇల్లు ఎడమవైపు, మాది కుడివైపు. నా చేతిలో గొడుగు లేదు.

“సరే, నేను వెళ్...”

డైరీ కళ్ళెత్తి చూసింది. ఒకటి. రెండు.

“...ళ్ళొస్తా.”

తన గొడుగు నా చేతిలో పెట్టి, చెల్లి గొడుగులో దూరింది.

“వెళ్ళి రా.”