నీలికళ్ళకు నల్ల మఖమల్

గడప దగ్గర మడుగు కట్టిన నీళ్ళను యోలాన్ గుడ్డతో అద్ది బకెట్లో పిండుతోంది. ఈస్టర్ సోమవారం. కొలోజ్వార్ ఊళ్ళో వాళ్ళ వీధి కుర్రాళ్ళంతా పొద్దున్నే వచ్చి, ఆనవాయితీ ప్రకారం చిన్న పద్యం అప్పజెప్పి, ఆమె మీద నీళ్ళు కుమ్మరించి, తలా ఒక ఎర్రగుడ్డు పట్టుకుపోయారు. జడ ఇంకా కారుతూనే ఉంది.

"ఒక్క గుడ్డే మిగిలింది. ఉప్పు చల్లుకుని తినేస్తున్నా," అంది రోజాలియా పిన్ని.

"ముట్టుకున్నావంటే చూడు!"

"మధ్యాహ్నం చర్చి గంట కొట్టాక నీళ్ళు చల్లినా లెక్కలోకి రాదే పిల్లా. మీ కెమెరా అబ్బాయికి పద్యం దొరికినట్టు లేదు."

యోలాన్ గుడ్డను ఇంకా గట్టిగా పిండింది. వచ్చే వారం బెర్లిన్ వెళ్ళాలి. అక్కడి సినిమావాళ్ళు నటించమని పిలిచారు. వెళ్ళేలోగా ఆ కెమెరా అబ్బాయి బెర్తలాన్ నోరు విప్పుతాడా అన్నదే ఆమె బెంగ. తను మాత్రం విప్పిందా? కనీసం థాంక్స్ అయినా చెప్పలేదు.

మొదటిసారి కలిసిన రోజే అతను కెమెరా వెనకనుంచి తలెత్తి, "మీ కళ్ళు పనికిరావండీ," అన్నాడు. అంతమంది ముందు! ఆ రోజంతా ఆమె అతని ముఖం చూడలేదు.

కానీ అతనన్నది నిజమే. ఫిల్ము ఆమె కళ్ళ నీలిరంగును తెలుపు చేసేస్తుంది. అప్పటికింకా సినిమాకి మాటల్లేవు, అన్నీ కళ్ళతోనే చెప్పాలి. తెరమీద ఆమె కళ్ళు రెండు సున్నపు చుక్కల్లా కనబడేసరికి ఏడుపు సీనుకి హాలంతా నవ్వింది. సినిమా కంపెనీ యజమాని ఆమెను ఇంటికి పంపేయబోయాడు.

మర్నాడు బెర్తలాన్ నల్ల మఖమల్ గుడ్డ ఒకటి తెచ్చాడు. కుడిచేత్తో కెమెరా తిప్పుతూ, ఎడమచేత్తో దాన్ని లెన్సు పక్కన పట్టుకుని, "దీన్ని చూడండి," అన్నాడు. ఆ నలుపు కళ్ళలో పడింది. కంటిపాపలు విచ్చుకున్నాయి. తెరమీద మొదటిసారి ఆమెకు చూపొచ్చింది.

రెండేళ్ళుగా అలాగే పట్టుకుంటున్నాడు. షాట్ అయ్యాక చాటుగా భుజం నొక్కుకోవడం ఆమె చూస్తూనే ఉంది. పలకరిద్దామంటే మధ్యలో ఊలు అల్లుకుంటూ పిన్ని! పెళ్ళికాని పిల్లను ఒక్క నిమిషం ఒంటరిగా వదలదు. యోలాన్ పెళ్ళి సంగతి పాస్టరుగారితో మాట్లాడే రోజున పెట్టుకోవాలని పిన్ని కొనుక్కున్న ఈకల టోపీ ఒకటి, ఇంకా కొక్కేనికే వేలాడుతోంది.

తలుపు చప్పుడైంది. బెర్తలాన్. బయట వాన, నిలువునా తడిసి ఉన్నాడు.

"నీళ్ళు చల్లడానికొచ్చావా, చల్లించుకునొచ్చావా?" అంది పిన్ని.

"పద్యం రాలేదండీ," అంటూ కోటు లోపలనుంచి మఖమల్ గుడ్డ తీశాడు. అతని ఒంటిమీద పొడిగా ఉన్నది అదొక్కటే. "యోలాన్ గారూ, బెర్లిన్‌లో కెమెరా అతనికి ఇవ్వండి. మీ కళ్ళకి కాస్త కిందుగా పట్టుకోమనండి."

ఆమె దాన్ని అందుకోలేదు. "ఇంకేం చెప్పరా?"

"ఆఁ... అంచులు చిరక్కుండా చూసుకోండి."

పిన్ని నుదురు కొట్టుకుంది.

"నాకక్కర్లేదిది," అంది యోలాన్. అతని ముఖం పాలిపోయింది. "నేను గుడ్డను చూసింది మొదటి రోజే. ఆ తర్వాత చూసిందంతా దాని పక్కనున్న ముఖాన్ని. నొప్పెడుతున్నా దించని చేతిని. జనం మెచ్చుకున్న చూపు మీరిచ్చిందే. ఇన్నాళ్ళూ థాంక్స్ కూడా చెప్పలేదు."

బెర్తలాన్ గుడ్డను మడిచి మళ్ళీ కోటులో పెట్టుకున్నాడు.

"నేనూ బెర్లిన్ వస్తే?" అన్నాడతను నెమ్మదిగా.

"ఏ ఉద్యోగానికో?" అంది పిన్ని.

"గుడ్డ పట్టుకోవడానికండీ. యోలాన్ ఒప్పుకుంటే, జీవితాంతం."

యోలాన్ ముఖం ఎర్రగుడ్డు కంటే ఎర్రబడింది. "గంట కొట్టేస్తారు. ముందు నీళ్ళు చల్లు నువ్వు!"

అతను బకెట్‌లోకి చూశాడు. బురదనీళ్ళు. ఇటూ అటూ చూసి, తడిసిన తన కోటు చేతిని ఆమె తలమీద పిండాడు. ఆమె కిలకిలా నవ్వి, మిగిలిన గుడ్డును అతని చేతిలో పెట్టింది.

మధ్యాహ్నం గంట మోగింది.

పిన్ని ఊలు పక్కన పెట్టి లేచింది. కొక్కేనికున్న ఈకల టోపీ తీసి, దుమ్ము దులిపి, తలమీద సర్దుకుంది. వాళ్ళిద్దర్నీ వదిలి వానలోకి వెళ్ళిపోయింది, తలుపు దగ్గరగా వేసి.